0 = 0 వచ్చిందంటే లెక్క తప్పినట్టు కాదు

మీ ప్రశ్న క్లుప్తంగా ఇది: ఒకే చరరాశి ఉన్న మూడు సమీకరణాలు చేశారు. ఒకదాంట్లో చివరికి 0 = 0 వచ్చింది, ఇంకోదాంట్లో –2 = 5 వచ్చింది, మూడోదాంట్లో 5య = 0 వచ్చింది. మూడింటికీ "సాధన లేదు" అని రాశారు. జవాబులు చూస్తే ఒక్కదానికే అది సరిపోయింది. ఎక్కడ తప్పు చేశాను, అసలు లెక్క పూర్తిగా చేయకుండానే ఎన్ని సాధనలున్నాయో చెప్పే దారి ఏదైనా ఉందా అని అడిగారు.

(మీ పుస్తకంలో ఎక్స్ అని ఉన్నచోట నేను య అని రాస్తున్నాను. ఏ అక్షరం వాడినా లెక్క మారదు.)

మీ మూడు సమీకరణాలు ఇవి:

మొదటిది: 3(య + 4) – 5 = 3య + 7
రెండోది: 2(3య – 1) = 6య + 5
మూడోది: 7య – 4 = 2య – 4

మీ లెక్కల్లో ఒక్క అడుగు కూడా తప్పు లేదు. చివరి వరుసను చదవడంలోనే తేడా వచ్చింది. మొదటిదానికి లెక్కలేనన్ని సాధనలు, రెండోదానికి ఒక్కటీ లేదు, మూడోదానికి సరిగ్గా ఒకటి.

ముందే చెప్పే దారి ఉంది. బ్రాకెట్లు విప్పి, సజాతి పదాలు కలిపి, రెండు వైపులనూ "ఇన్ని య, దానికి ఇంత కలిపి" అనే రూపంలోకి తెచ్చుకోండి. అక్కడితో ఆగి, రెండు వైపులా య ముందున్న గుణకాలను చూడండి. అవి వేర్వేరుగా ఉంటే సాధన ఒక్కటే ఉంటుంది. స్థిరపదాల (య లేని సంఖ్యల) వైపు చూడాల్సిన అవసరమే లేదు. గుణకాలు సమానంగా ఉంటేనే స్థిరపదాలు చూడాలి. అవి కూడా సమానమైతే ప్రతి సంఖ్యా సాధనే, వేరైతే ఏ సంఖ్యా సాధన కాదు.

మీ మూడోదాంట్లో చాలామంది పొరబడే కారణం ఇక్కడే ఉంది. రెండు వైపులా –4 కనబడగానే కళ్లు అటే పోతాయి. "ఒకేలా ఉన్నాయి, ఇందులో ఏదో తిరకాసు ఉంది" అనిపిస్తుంది. కానీ గుణకాలు 7, 2. అవి వేరు. అంతే, సాధన ఒకటి. రెండు వైపులా స్థిరపదం ఒకటే కాబట్టి ఆ సాధన సున్నా అయింది, అంతే. సున్నా కూడా 3 లాగా, –8 లాగా ఒక సంఖ్యే. య స్థానంలో సున్నా పెడితే రెండు వైపులా –4 వస్తుంది, సమీకరణం నిజమవుతుంది. సాధన విలువ సున్నా కావడానికీ, సాధనల సంఖ్య సున్నా కావడానికీ సంబంధం లేదు. ఈ ఒక్క చోట పోయే మార్కులు మిగతా అన్ని చోట్లా కలిపి పోయేవాటికంటే ఎక్కువని నా అభిప్రాయం.

ఇక ఈ నియమం ఎందుకు పనిచేస్తుందో చూద్దాం. కారణం తెలియకపోతే పరీక్ష రోజు టెన్షన్‌లో "గుణకాలు సమానమైతే ఒకటా, వేరైతే ఒకటా" అని తారుమారు అవుతుంది.

సమీకరణాన్ని సాధించాల్సిన వస్తువుగా కాకుండా, రెండు వైపుల మధ్య తేడాగా చూడండి. య విలువ ఒకటి పెరిగిన ప్రతిసారీ ఎడమవైపు విలువ దాని గుణకమంత పెరుగుతుంది, కుడివైపు విలువ దాని గుణకమంత పెరుగుతుంది. మీ మూడోదాంట్లో ఎడమవైపు ఏడేసి పెరుగుతుంది, కుడివైపు రెండేసి పెరుగుతుంది. అంటే వాటి మధ్య తేడా ప్రతి అడుగుకీ 5 చొప్పున మారుతుంది. య = 0 దగ్గర తేడా 0, 1 దగ్గర 5, 2 దగ్గర 10, –1 దగ్గర –5. ఇలా ఒకే వేగంతో మారే తేడా ఎక్కడో ఒకచోట తప్పకుండా సున్నాను తాకుతుంది, తాకాక వెనక్కి తిరిగి రాదు. అందుకే సాధన తప్పకుండా ఉంటుంది, ఒకటికి మించి ఉండదు.

రెండోదానికి ఇదే చేసి చూడండి. రెండు వైపులా ఆరేసి పెరుగుతాయి. య = 0 అయితే ఎడమ –2, కుడి 5, తేడా 7. య = 1 అయితే 4, 11, తేడా 7. య = 10 అయితే 58, 65, మళ్లీ 7. ఎంత దూరం వెళ్లినా ఆ 7 కరగదు. మీ కాగితం మీద చివరికి వచ్చిన –2 = 5 చెబుతున్నది ఇదే. –2కీ 5కీ మధ్య ఉన్న ఆ 7 ఏ య దగ్గరా పోదు. మొదటిదాంట్లోనూ తేడా మారదు, కానీ అది మొదటి నుంచీ సున్నాయే. కాబట్టి ఏ య పెట్టినా రెండు వైపులూ సమానమే. ఇలాంటిదాన్ని సర్వసమీకరణం అంటారు. చూడ్డానికి ప్రశ్నలా ఉంటుంది గానీ, నిజానికి ఒకే రాశిని రెండు రకాలుగా రాసిన వాక్యం.

గ్రాఫ్ గీసే అలవాటుంటే ఇదే విషయం బొమ్మలో కనబడుతుంది. ఒక్కో వైపుకీ ఒక సరళరేఖ వస్తుంది. గుణకమే ఆ రేఖ వాలు. వాలులు వేరైతే రేఖలు ఒక్కచోట ఖండించుకుంటాయి. ఒకటే అయితే సమాంతరంగా పోతాయి, లేదా ఒకదానిమీద ఒకటి పడి ఒకే రేఖ అవుతాయి. నాలుగో దారి లేదు.

"నాలుగో దారి లేదు" అన్న మాటను కాస్త గట్టిగా పట్టుకోండి, దాంట్లో మీకు పనికొచ్చే చిట్కా ఉంది. ఇలాంటి సమీకరణానికి సరిగ్గా రెండు సాధనలుండటం, సరిగ్గా పదిహేడు ఉండటం జరగదు. రెండు వేర్వేరు సంఖ్యల దగ్గర తేడా సున్నా అయిందంటే, ఆ రెంటి మధ్య అది మారలేదన్నమాట. ఒకే వేగంతో మారేది అక్కడ మారలేదంటే దాని వేగమే సున్నా. అప్పుడది ఎక్కడా మారదు. కాబట్టి రెండు సంఖ్యలు సరిపోతే అన్ని సంఖ్యలూ సరిపోతాయి.

దీంతో బ్రాకెట్లు కూడా విప్పకుండా జవాబు చెప్పొచ్చు. య = 0 దగ్గర ఒకసారి, య = 1 దగ్గర ఒకసారి రెండు వైపుల తేడా లెక్కగట్టండి. (తేడా తీసేటప్పుడు రెండుసార్లూ ఎడమలోంచి కుడినే తీసేయండి, లేకపోతే గుర్తులు తారుమారవుతాయి.) రెండు తేడాలూ సున్నా అయితే అన్ని సంఖ్యలూ సాధనలే. రెండూ సమానంగా ఉండి సున్నా కాకపోతే సాధన లేదు. రెండూ వేరుగా ఉంటే సాధన ఒకటి.

దీన్ని కాస్త చిరాకు పెట్టే లెక్క మీద పరీక్షిద్దాం.

(2య + 1)/3 – (య – 4)/6 = య/2 + 1

మామూలు పద్ధతిలో అయితే 3, 6, 2ల క.సా.గు. 6తో రెండు వైపులా గుణించాలి. అప్పుడు 2(2య + 1) – (య – 4) = 3య + 6 వస్తుంది. విప్పితే ఎడమవైపు 4య + 2 – య + 4, అంటే 3య + 6. కుడివైపూ అదే. కాబట్టి ప్రతి సంఖ్యా సాధనే. కానీ ఆ రెండో బ్రాకెట్టు ముందున్న మైనస్‌ను –4 దాకా తీసుకెళ్లడం మరిచిపోయారనుకోండి, ఎడమవైపు 3య – 2 అవుతుంది, మీరు "సాధన లేదు" అని రాస్తారు. సాధన ఒక్కటే ఉండే మామూలు లెక్కలో గుర్తు తప్పితే జవాబుగా ఒక సంఖ్య బదులు ఇంకో సంఖ్య వస్తుంది. ఇక్కడ అనంతం కాస్తా శూన్యమైపోతుంది. అందుకే గుణకాలు సమానంగా వచ్చిన ప్రతి లెక్కనూ నేను రెండు సంఖ్యలతో సరిచూడమంటాను. ఇక్కడ య = 0 అయితే ఎడమవైపు 1/3 + 4/6, అంటే 1. కుడివైపు 1. య = 1 అయితే ఎడమవైపు 1 + 1/2, కుడివైపు 1/2 + 1. రెండుచోట్లా తేడా సున్నా. ఇక అనుమానం అక్కర్లేదు.

ఈ చిట్కాకు ఒక హద్దు ఉంది. సమీకరణం నిజంగా రేఖీయమైతేనే, అంటే విప్పి కలిపాక య² లాంటివి మిగలకపోతేనే, ఇది చెల్లుతుంది. య² = య అన్నదాంట్లో 0 సరిపోతుంది, 1 కూడా సరిపోతుంది, 2 మాత్రం సరిపోదు. అక్కడ తేడా ఒకే వేగంతో మారడం లేదు కదా. అలాగని య² కనబడగానే భయపడక్కర్లేదు. య(య + 3) = య² + 6 అన్నదాన్ని విప్పితే రెండు వైపులా య² పోయి 3య = 6 మిగులుతుంది, అది శుభ్రమైన రేఖీయ సమీకరణమే.

ఈ లెక్క ఎంత పాతదో తెలిస్తే మీకు సరదాగా ఉంటుంది. క్రీ.శ. 499 నాటి ఆర్యభటీయంలో, గణితపాదం 30వ శ్లోకం సరిగ్గా ఈ రూపం గురించే. ఇద్దరు మనుషులున్నారు. ఒక్కొక్కరి దగ్గర కొన్ని గుళికలు (ఒకే వెల ఉన్న వస్తువులు), కొన్ని రూపకాలు (నాణేలు) ఉన్నాయి. గుళిక వెల తెలియదు. ఇద్దరి మొత్తం ఆస్తీ సమానం. గుళిక వెల ఎంత? ఆర్యభటుడు చెప్పిన నియమం: రూపకాల తేడాను గుళికల తేడాతో భాగించు. ఒకరి దగ్గర 7 గుళికలు, 20 రూపకాలు, ఇంకొకరి దగ్గర 3 గుళికలు, 60 రూపకాలు అనుకోండి. 40ని 4తో భాగిస్తే వెల 10. సరిచూస్తే ఇద్దరి దగ్గరా 90. ఈ నియమం గుళికల సంఖ్య వేరుగా ఉన్నప్పుడే పనికొస్తుంది, ఎందుకంటే భాగించేది ఆ తేడాతోనే. ఇప్పుడు ఇద్దరి దగ్గరా ఏడేసి గుళికలే ఉండి, రూపకాలు మాత్రం 20, 60 అయితే? గుళిక వెల ఎంతైనా రెండోవాడి దగ్గర ఎప్పుడూ 40 ఎక్కువే. ఆస్తి సమానం కానే కాదు, సాధన లేదు. రూపకాలు కూడా ఇద్దరి దగ్గరా 20 అయితే? వెల ఎంతైనా సమానమే. అంటే సమానమన్న సమాచారం నుంచి వెల గురించి మనకు ఏమీ తెలియలేదు. 0 = 0 రావడమంటే అదే. సమీకరణం య మీద ఏ షరతూ పెట్టలేదు.

సున్నాతో భాగించే సంగతి వచ్చింది కాబట్టి మరో పొరపాటు. 0 × య = 5 అని వచ్చినప్పుడు కొందరు య = 5/0 అని రాసి, "5/0 అంటే అనంతం, కాబట్టి అనంత సాధనలు" అంటారు. ఒక వాక్యంలో రెండు తప్పులు. సున్నాతో భాగహారానికి అర్థం లేదు. ఒకవేళ ఎవరైనా దాన్ని అనంతం అని పిలిచినా, అది య విలువ గురించిన మాట అవుతుంది గానీ ఎన్ని సాధనలున్నాయో చెప్పదు. భాగహారం జోలికి పోకుండా ఆ వరుసను ప్రశ్నగా చదవండి: ఏ సంఖ్యను సున్నాతో గుణిస్తే 5 వస్తుంది? ఏదీ లేదు. 0 × య = 0 అయితే? ఏదైనా సరే.

దీనికి తోడబుట్టిన పొరపాటు య తోనే భాగించడం. 5య = 3య అని ఉందనుకోండి. రెండు వైపులా య కొట్టేస్తే 5 = 3 మిగులుతుంది, సాధన లేదనిపిస్తుంది. కానీ గుణకాలు 5, 3 వేరు, కాబట్టి సాధన ఉండి తీరాలి. 3యను ఇటు తెస్తే 2య = 0, య = 0. మీరు కొట్టేసిన య సున్నానే, ఆ అడుగు చెల్లదు. పక్షాంతరం చేసినంతసేపూ భయం లేదు. ఇటు తెచ్చినదాన్ని మళ్లీ అటు పంపి పాత సమీకరణానికి వెళ్లొచ్చు. య తో భాగిస్తే, య సున్నా అయినచోట అలా వెనక్కి వెళ్లలేం.

పై తరగతుల్లో ఇదే ప్రశ్న తిప్పి అడుగుతారు: గుణకంలో మరో అక్షరం పెట్టి, "దాని విలువ ఎంతైతే సాధన ఉండదు" అంటారు. ఉదాహరణకు,

మ²య + 2 = 4య + మ

ఇందులో మ ఏదో ఒక స్థిర సంఖ్య. య పదాలన్నీ ఒకవైపు తెస్తే (మ² – 4)య = మ – 2. ఇక్కడ చాలామంది మ² – 4ను (మ – 2)(మ + 2)గా విడదీసి, వెంటనే రెండు వైపులా మ – 2 కొట్టేసి, య = 1/(మ + 2) అని సంతోషంగా ముగిస్తారు. కొట్టేయడానికి ముందు "ఇది సున్నా కావచ్చా?" అని అడగాలి. మ = 2 అయితే 0 × య = 0, ప్రతి సంఖ్యా సాధనే. మ = –2 అయితే 0 × య = –4, సాధన లేదు. మిగతా ఏ మ కైనా సాధన ఒకటే, అది 1/(మ + 2). ఒకే సమీకరణంలో మూడు రకాలూ ఉన్నాయి. ఈ మొత్తం విషయానికి ఇంతకంటే మంచి అభ్యాసం నాకు కనబడలేదు. జవాబు మరిచిపోయి రెండు రోజులయ్యాక మళ్లీ మీరే చేసి చూడండి.

ఈ నియమాన్ని పెట్టకూడని చోట పెట్టడం వల్ల వచ్చే తిప్పలు కూడా ఉన్నాయి. చరరాశి హారంలో ఉంటే జాగ్రత్త. (య + 1)/(య – 3) = 4/(య – 3) అన్నదాంట్లో హారాలు తీసేస్తే య + 1 = 4, గుణకాలు 1, 0 వేరు, య = 3. కానీ య = 3 అయితే అసలు సమీకరణంలో హారం సున్నా, ఆ విలువ పెట్టడానికే వీల్లేదు. సాధన లేదు. ఇది నియమం తప్పు కాదు. మనం హారం తీసేసినప్పుడే సమీకరణం మారిపోయింది.

ఏ సంఖ్యల్లో వెతుకుతున్నారన్నది కూడా చూసుకోవాలి. 2య = 7కి వాస్తవ సంఖ్యల్లో ఒక సాధన ఉంది, పూర్ణ సంఖ్యల్లో లేదు. రాత లెక్కల్లో య అంటే మనుషుల సంఖ్య అయితే మూడున్నర మంది అని రాయలేం. సమీకరణానికి సాధన ఉన్నా ఆ లెక్కకు జవాబు లేదనే చెప్పాలి.

ఇక రెండు చరరాశులున్న ఒక్క సమీకరణం, అంటే రెండు సంఖ్యల మొత్తం 10 లాంటిది, దీనితో కలిపేయకండి. దానికీ లెక్కలేనన్ని సాధనలున్నాయి గానీ ప్రతి జతా సాధన కాదు. 4, 6 సరిపోతాయి, 4, 7 సరిపోవు. మీ మొదటి సమీకరణంలో ఉన్నది "ఏదైనా సరే" అనే అనంతం, ఇది మాత్రం షరతు ఉన్న అనంతం.

చివరగా జవాబు పత్రంలో ఏం రాయాలన్నది, మీ మార్కులు పోయింది అక్కడే కాబట్టి. 0 = 0 దగ్గర ఆపేసి గీత గీయకండి, అది జవాబు కాదు. మొదటిదానికి "రెండు వైపులూ 3య + 7, కాబట్టి ప్రతి వాస్తవ సంఖ్యా సాధనే" అని రాయండి. ఉత్తినే "అనంత సాధనలు" అన్నా చాలామంది ఒప్పుకుంటారు గానీ, ఏవి సాధనలో చెప్పడం మేలు. రెండోదానికి "–2 = 5 అసత్యం, కాబట్టి సాధన లేదు" అనండి. మూడోదానికి "య = 0, ఇదొక్కటే సాధన" అని రాసి, కింద సరిచూసిన వరుస కూడా పెట్టండి: ఎడమవైపు 7 × 0 – 4 = –4, కుడివైపు 2 × 0 – 4 = –4.